దూరంగా ఉన్న ఫ్రెండ్స్‌తో కో-ఆప్ ప్లాట్‌ఫార్మర్ గేమ్స్ (కలిసికట్టుగా దూకుతూ, ఎక్కుతూ సాగే ఆటలు) ఆడితే, పక్కన కూర్చుని ఆడిన మజా వస్తుందా?

వస్తుంది. కాకపోతే ఒక షరతు. ఎదుటివాడి కొంప ముంచే అవకాశం ఆ గేమ్‌లో ఉండాలి. మీకు వాడి కొంప, వాడికి మీ కొంప. అది లేకపోతే ఒకే సోఫాలో భుజాలు రాసుకుంటూ ఆడినా చప్పగానే ఉంటుంది. అది ఉంటే మధ్యలో సముద్రాలున్నా సరే, పొట్ట పట్టుకుని నవ్వుతారు, కాసేపు మాట్లాడుకోవడం మానేస్తారు, మళ్ళీ వచ్చే వారం కూర్చుంటారు.

మీ కాలేజీ గ్యాంగ్ నలుగురిలో ఇద్దరు హైదరాబాద్‌లో, ఒకరు పుణెలో, ఒకరు కెనడాలో ఉన్నారని, ఏ గేమ్ తీసుకోవాలో చెప్పమని అడిగారు. పేర్లు కింద చెప్తాను. ముందు నా గోడు వినండి.

మా తరానికి ఈ కొంపలు ముంచే విద్య నేర్పింది కాంట్రా. 1987లో కొనామి వాళ్ళు ఆర్కేడ్ మెషీన్ల కోసం చేసిన ఆట అది. మనకు మాత్రం టీవీ వెనక తగిలించే చైనా డబ్బాల్లో, ‘9999 ఇన్ 1’ అని రాసి ఉన్న క్యాసెట్లలో వచ్చింది. (లోపల ఉండేవి పట్టుమని పాతిక ఆటలు. వాటినే తిప్పి తిప్పి వేరే నంబర్లతో పెట్టేవాళ్ళు. ఇంత పెద్ద మోసం మీద పిల్లలెవరూ కేసు పెట్టలేదు పాపం.) అందులో మూడో స్టేజీ జలపాతం. స్క్రీన్ పైకి ఎక్కేవాడితోపాటే జరుగుతుంది. వెనకబడినవాడు స్క్రీన్ కింది అంచు దాటి పోయాడంటే చచ్చినట్టే. మా పెదనాన్నగారి అబ్బాయి ఒక్కసారి కూడా నా కోసం ఆగలేదు. ‘అన్నయ్యా ఆగు, ఆగు’ అని నేను అరుస్తూనే ఉండేవాణ్ణి, వాడు ఇంకో మెట్టు ఎక్కేవాడు, నా బొమ్మ పోయేది. ఇంతా చేసి వాడి లైఫులు అయిపోయాక ఒక్క బటన్ నొక్కి నా దాంట్లోంచి ఒక లైఫ్ లాక్కునేవాడు. ఆ సౌకర్యం గేమ్‌లోనే ఉంది, అడగాల్సిన పని కూడా లేదు. ఇప్పటికీ పెళ్ళిళ్ళలో కలిస్తే మేం మాట్లాడుకునేది ఆ జలపాతం గురించే. కలిసి చదివిన ట్యూషన్ గురించి ఏనాడూ మాట్లాడుకోలేదు.

అందుకే ఈ మధ్య వస్తున్న మర్యాదస్తుల గేములు నాకు నచ్చవు. 2009లో వచ్చిన న్యూ సూపర్ మారియో బ్రదర్స్ వీ చూడండి. నలుగురు ఆడొచ్చు, ఒకరినొకరు ఎత్తుకుని విసరొచ్చు, ఒకడి నెత్తి మీద ఇంకొకడు కాలు పెట్టి ఎగిరితే కిందవాడు నేరుగా గోతిలోకి. ఇళ్ళలో గొడవలైన గేమ్ అంటే అది. అదే 2023లో వచ్చిన సూపర్ మారియో బ్రదర్స్ వండర్‌లో ఒకరిలోంచి ఒకరు గాల్లోలాగా దూరిపోతారు. తోయలేరు, తన్నలేరు. చచ్చినవాడు దయ్యమై తేలుతూ వచ్చి మిమ్మల్ని తాకితే బతికిపోతాడు. బొమ్మలు అద్భుతంగా ఉన్నాయి, కాదనను. కానీ నలుగురు నాలుగు ఆటలు ఒకే టీవీలో ఆడుకుంటున్నట్టు ఉంటుంది నాకు. చిన్నపిల్లలతో ఆడటానికి అదే హాయి అంటారు కొందరు. చిన్నపిల్లలే కదండీ అసలు తోసుకోవాల్సింది!

సరే, ఆన్‌లైన్ సంగతికి వస్తాను. నా హాస్టల్ రూమ్మేట్ ఒకడున్నాడు, మేమంతా సత్తి అంటాం. డాలస్‌లో ఉంటాడు. వాడికి శనివారం రాత్రి తొమ్మిదైతే నాకు ఆదివారం పొద్దున ఏడున్నర. ఆ టైమ్‌కి మేమిద్దరం బ్రెడ్ అండ్ ఫ్రెడ్ ఆడేవాళ్ళం. 2023లో వచ్చిన చిన్న గేమ్. రెండు పెంగ్విన్లు, నడుములకు ఒకే తాడు, ఎదురుగా మంచు కొండ, పైకి ఎక్కాలి. ఒకడు గోడని కరుచుకుని ఉంటే రెండోవాడు తాడుకి వేలాడి ఊగి అవతలి గట్టు మీదకి పోవాలి. జారితే ఇద్దరూ కిందకే. అరగంట ఎక్కింది అర నిమిషంలో పోతుంది.

ఆ గేమ్‌లో ఎవరి కాపీ వాళ్ళు కొనుక్కుని నేరుగా ఆన్‌లైన్‌లో ఆడుకునే వీలుంది. కానీ సత్తి కొనడు. డాలర్లలో జీతం తీసుకునేవాడు, కూరగాయల బేరంలాగా ‘సేల్ రానీ మామా’ అంటాడు. పోనీ ఇక్కడి నుంచి గిఫ్ట్ పంపుదామంటే, రెండు దేశాల ధరల మధ్య తేడా ఎక్కువుంటే స్టీమ్‌లో (కంప్యూటర్ గేములు అమ్మే ఆన్‌లైన్ దుకాణం) గిఫ్టులు కుదరవు. అందుకని రిమోట్ ప్లే టుగెదర్ వాడాం. 2019లో స్టీమ్ వాళ్ళు తెచ్చిన ఫీచర్ ఇది. గేమ్ ఒక్కడి దగ్గరుంటే చాలు. అది నా కంప్యూటర్‌లోనే నడుస్తుంది, దాని వీడియో వాడికి వెళ్తుంది, వాడు నొక్కిన బటన్లు నాకు వస్తాయి. ఒకే టీవీ ముందు ఆడేందుకు చేసిన గేముల్ని కూడా ఇలా దూరం నుంచి ఆడొచ్చు. పిసినారుల పాలిట వరం.

వరమే గానీ, హైదరాబాద్‌కీ డాలస్‌కీ మధ్య దూరం 14 వేల కిలోమీటర్ల పైమాటే. ఫైబర్‌లో కాంతి సెకనుకి రెండు లక్షల కిలోమీటర్లు పోతుంది. తిన్నగా గీత గీసినట్టు కేబుల్ వేసినా, వెళ్ళి రావడానికి 140 మిల్లీసెకన్లు తప్పదు. కేబుల్ ఎక్కడా తిన్నగా ఉండదు కాబట్టి నిజంలో 200 దాటిపోతుంది. ఇక వీడియోని కుదించి పంపడానికి, అక్కడ విప్పడానికి పట్టే టైమ్ అదనం. ఇలాంటి గేములు సెకనుకి 60 ఫ్రేములు (స్క్రీన్ మీద మారే బొమ్మలు) నడుస్తాయి, అంటే ఫ్రేముకి 17 మిల్లీసెకన్ల లోపే. సత్తి బటన్ నొక్కి, అది వాడి స్క్రీన్ మీద కనపడేలోపు డజను ఫ్రేములు దాటిపోతాయి. ‘నేను నొక్కేసి మంచినీళ్ళు తాగొస్తున్నా, అప్పటికి దూకుతోంది మామా ఇది’ అనేవాడు.

అసలు బాధ దూకడం దగ్గర కాదు, పట్టు వదలడం దగ్గర. నేను గోడ పట్టుకుని ఉన్నాను, వాడు ఊగి ఊగి అవతలి గట్టు దగ్గరికి చేరాడు. నా స్క్రీన్ మీద వాడి పెంగ్విన్ గోడకి ఆనుకున్నట్టే ఉంది. ‘పట్టుకున్నా, వదులు’ అంటాడు. వదిలాను. వాడి పట్టు బటన్ ఇంకా ఏ అట్లాంటిక్ అడుగునో ఉంది. ఇద్దరం కిందకి, పొద్దుటి నుంచి ఎక్కిందంతా దాటుకుంటూ, మొదలెట్టిన మంచు దగ్గరికి. ‘వదలమన్నావు కదరా!’ ‘పట్టుకున్నాక వదలమన్నా!’ ‘పట్టుకున్నా అన్నావు!’ ‘నొక్కాను అని అర్థం!’ వంటింట్లోంచి అట్లకాడతోనే వచ్చింది మా అమ్మ. ‘పొద్దున్నే ఎవరితోరా ఆ వదులు, వదలకు?’ సత్తి అని చెప్పగానే ఆవిడ నా చెవిలోంచి ఇయర్‌ఫోన్ లాగేసి, ‘ఏం నాయనా, తింటున్నావా సరిగ్గా? సంబంధాలు చూస్తున్నారా మీవాళ్ళు?’ అని మొదలుపెట్టింది. వాడు అక్కడ పెంగ్విన్‌ని కొండ కింద నిలబెట్టి పావుగంట సమాధానాలు చెప్పాడు.

ఇద్దరూ కలిసి దూకాల్సిన చోట కూడా ఇదే గోల. తాడు పొట్టిది, ఒకడు ముందు దూకితే రెండోవాణ్ణి ఈడ్చుకుపోతుంది. నేను ‘ఒకటి, రెండు, మూడు’ అనేవాణ్ణి. ప్రతిసారీ వాడు ఆలస్యం. ఒక ఆదివారం వాడికి విసుగొచ్చి ‘లెక్క నేను పెడతా, నువ్వు మూస్కుని దూకు’ అన్నాడు. అంతే, కుదిరింది! తర్వాత కూర్చుని ఆలోచిస్తే కారణం చాలా సింపుల్. గేమ్ నడిచేది నా దగ్గర. నేను ‘మూడు’ అంటే ఆ మాట వాడిని చేరడానికి కొంత టైమ్, వాడు నొక్కింది తిరిగి నన్ను చేరడానికి ఇంకొంత. రెండూ కలిసి మునిగేవాళ్ళం. అదే వాడు ‘మూడు’ అంటూ నొక్కితే, వాడి గొంతూ వాడి బటనూ అక్కడ ఒకేసారి బయల్దేరతాయి, ఇక్కడికి దాదాపు ఒకేసారి వస్తాయి. నేను విన్నప్పుడే నొక్కుతాను. వదలడానికీ ఇదే సూత్రం. ‘పట్టుకున్నా’ అని వాడు ముందే చెప్పకూడదు, నొక్కుతూ చెప్పాలి. ఈ చిన్న విషయం ఎక్కడా ఎవరూ రాయరు. పింగ్ (సిగ్నల్ వెళ్ళి రావడానికి పట్టే టైమ్) తగ్గించుకోండి, లాన్ కేబుల్ పెట్టుకోండి అని మాత్రం పేజీలకి పేజీలు రాస్తారు. కేబుల్ పెట్టుకుంటే డాలస్ దగ్గరికి జరుగుతుందా?

ఇంకో సంగతి. రిమోట్ ప్లేలో గేమ్ ఉన్నవాడికి ఆలస్యం అసలు తెలియదు. అందుకే వాడికి ఎదుటివాడు చేతకానివాడిలా కనిపిస్తాడు. ఆన్‌లైన్ స్నేహాలు సగం చెడేది ఇక్కడే అని నా గట్టి నమ్మకం. వీలైతే ఒక వారం ఒకరి కంప్యూటర్‌లో, ఇంకో వారం ఇంకొకరి కంప్యూటర్‌లో నడపండి. సత్తి విషయంలో నాకు ఆ భాగ్యం లేదు, వాడు గేమ్ కొంటే కదా.

పక్కన కూర్చుంటే ఈ లెక్కలేం అక్కర్లేదు, నిజమే. సంక్రాంతికి సత్తి వచ్చినప్పుడు మా టీవీలో ఇదే గేమ్ ఆడాం. ఒకటి రెండు మూడు అనే పనే పడలేదు, పక్కవాడి బొటనవేలు కదలడం కంటి చివర తెలిసిపోతుంది. కానీ అక్కడ వేరే దరిద్రాలున్నాయి. ఇంట్లో రెండు ప్యాడ్లుంటాయి, అందులో ఒకదాని స్టిక్ అరిగిపోయి బొమ్మ దానంతటదే ఎడమకి నడుస్తుంటుంది. అది ఎప్పుడూ చుట్టానికే ఇస్తాం. ఇది మన సంప్రదాయం. పైగా మనవాళ్ళకి గేమ్ అంటే గన్ను. ఇంటికొచ్చిన తమ్ముళ్ళు పెంగ్విన్లని చూసి ‘ఇందులో షూటింగ్ లేదా అన్నా?’ అని ఫోన్‌లో తల దూర్చేస్తారు. ఒక్కసారి తాడు కట్టించుకుని జారితే తెలుస్తుంది ఏది అసలు యుద్ధమో.

ఇక పేర్లు. ఇద్దరే ఆడితే ఇట్ టేక్స్ టు, కళ్ళు మూసుకుని తీసుకోండి. 2021లో ద గేమ్ అవార్డ్స్‌లో గేమ్ ఆఫ్ ది ఇయర్ కొట్టింది. ఒంటరిగా ఆడటం అసలు కుదరదు. ఒకరు కొంటే చాలు, రెండోవాళ్ళు ఫ్రెండ్స్ పాస్‌తో ఉచితంగా చేరిపోవచ్చు. సత్తి లాంటివాళ్ళని దృష్టిలో పెట్టుకునే చేశారనిపిస్తుంది. ఆన్‌లైన్‌లో ఆడినా స్క్రీన్ రెండుగా చీలే ఉంటుంది, అవతలివాడు ఏం వెధవపని చేస్తున్నాడో మీకు కనిపిస్తూనే ఉంటుంది. అది నాకు భలే నచ్చింది. ఒకరు మేకులు విసిరితే ఇంకొకరు సుత్తితో వాటికి వేలాడి ఊగాలి. మేకు ఎప్పుడు వెనక్కి పిలవాలన్నది మీ మంచితనం. కథ విడాకులకు సిద్ధమైన భార్యాభర్తలది, మధ్యలో డాక్టర్ హకీమ్ అని ఒక మాట్లాడే పుస్తకం దూరి కౌన్సెలింగ్ ఇస్తుంటుంది. దాని వాగుడే ఆ గేమ్‌లో లోపం. భార్యతో ఆడమని అందరూ సలహా ఇస్తారు. నేనివ్వను. ఆ స్టూడియో వాళ్ళదే 2025లో స్ప్లిట్ ఫిక్షన్ వచ్చింది, అదీ ఇదే పద్ధతి.

కప్‌హెడ్ జోలికి దూరం నుంచి పోకండి. దానికి సొంత ఆన్‌లైన్ లేదు, రిమోట్ ప్లే మీదే ఆధారపడాలి. చచ్చిన పార్ట్‌నర్ ఆత్మ పైకి తేలిపోతుంటే గాల్లో సరిగ్గా తగిలి ఇంకోసారి జంప్ నొక్కి బతికించాలి. కెనడా నుంచి ఆ టైమింగ్ దేవుడికి కూడా కుదరదు. పుణె వాళ్ళతో అయితే ప్రయత్నించొచ్చు. రేమన్ లెజెండ్స్‌కి కూడా సొంత ఆన్‌లైన్ కో-ఆప్ లేదు గానీ, నలుగురూ ఒక ఇంట్లో కలిసిన రోజుకి దాచుకోండి. చెంపదెబ్బలు కొట్టుకోవచ్చు.

మీ నలుగురికీ నేను చెప్పేది 2024లో వచ్చిన చెయిన్డ్ టుగెదర్. నరకంలోంచి నలుగురినీ ఒకే గొలుసుకి కట్టి పైకి ఎక్కమంటారు. ఒకడు జారితే అందరూ వెనకాలే. సొంత ఆన్‌లైన్ ఉంది కాబట్టి రిమోట్ ప్లే తిప్పలు ఉండవు. లెక్క మాత్రం కెనడా ఆయనతోనే పెట్టించండి. మీరంతా చేరే ఆన్‌లైన్ గది ఆయన క్రియేట్ చేస్తే అప్పుడు మీలో ఒకరు పెట్టాలి, అది గుర్తుంచుకోండి. బిగినర్ మోడ్‌లో చెక్‌పాయింట్లు ఉంటాయి, పడితే అక్కడి నుంచే మళ్ళీ ఎక్కొచ్చు. ఎవరెంత బతిమాలినా ఆ మోడ్ పెట్టకండి.