మీరడిగారు: ముసలి చేపలు సరే, పిల్లలేవి?

ప్రశ్న: నీళ్ళెండిపోతే ఊపిరితిత్తుల చేప బురదలో దూరి నెలల తరబడి బతుకుతుందని చదువుకున్నాం. అంత గట్టి ప్రాణికి ఆస్ట్రేలియాలో ఆనకట్టల వల్ల ముప్పు అంటారేమిటి సార్? – ఒక బీఎస్సీ విద్యార్థిని

జవాబు: తప్పు నీది కాదమ్మా, నాలాంటి మాస్టార్లది. ముప్పై ఏళ్ళు జువాలజీ చెప్పాను. బోర్డు మీద ఆఫ్రికా చేప బొమ్మ గీసి, పక్కన ‘గ్రీష్మ సుప్తావస్థ’ అని రాసి, “మిగతావీ ఇంతే” అని డస్టర్‌తో తుడిచేసేవాణ్ణి. ఇంతే కాదు. బురదలో జిగురు గూడు కట్టుకుని పడుకునేది ఆఫ్రికా ప్రోటోప్టెరస్. ఆస్ట్రేలియాలో, క్వీన్స్‌లాండ్ రాష్ట్రంలో ఉండే ఊపిరితిత్తుల చేప నియోసెరటోడస్‌కి ఆ విద్య రాదు. దానికున్నది ఒకే ఒక్క ఊపిరితిత్తి. మామూలుగా మొప్పలతోనే నెట్టుకొస్తుంది. నీళ్ళలో ఆక్సిజన్ తగ్గినా, రాత్రిపూట చురుగ్గా తిరుగుతున్నా పైకొచ్చి ఒక గుక్క గాలి పీల్చుకుని వెళ్తుంది. మడుగు పూర్తిగా ఎండితే చచ్చిపోతుంది.

రిటైరయ్యాక బ్రిస్బేన్‌లో మా అమ్మాయి దగ్గరున్నప్పుడు ఒక రాత్రి మేరీ నది ఒడ్డున కూర్చున్నాం. చేప కనపడలేదు. కొలిమితిత్తి ఒకసారి నొక్కి వదిలినట్టు చప్పుడు మాత్రం వినపడింది. మా అల్లుడు ఆవేమో అనుకుని టార్చి అటు తిప్పాడు. ముప్పై ఏళ్ళు పాఠం చెప్పినవాడికి ఆ చప్పుడు విన్న ఆనందం ఎలాంటిదో నీకూ ఎప్పుడో తెలుస్తుంది.

ఇక ఆనకట్టలు. ఈ చేపకు పుట్టిల్లని గట్టిగా చెప్పదగ్గవి మేరీ, బర్నెట్ నదులు. ఆగస్టు నుంచి డిసెంబరు దాకా లోతు తక్కువ నీళ్ళలో, వాలిస్నేరియా లాంటి నీటి మొక్కలకు అంటిపెట్టి గుడ్లు పెడుతుంది. కప్ప గుడ్ల మాదిరి చుట్టూ జెల్లీ. కాపలా ఉండదు. గుడ్డులోంచి పిల్ల బయటికి రావడానికి మూడు నాలుగు వారాలు పడుతుంది. జలాశయం నిండితే ఒడ్డు పక్కన మొక్కలు లోతులో మునిగి చచ్చిపోతాయి. సాగుకు నీళ్ళు వదిలితే మట్టం దిగి గుడ్లు గట్టున ఎండిపోతాయి. అంటే చేపకు ఈదడానికి బోలెడు నీళ్ళున్నా, పురుడు పోసుకోవడానికి చోటు లేదు.

బర్నెట్ మీద ప్యారడైజ్ డ్యామ్ 2005లో పూర్తయింది. చేపలు డ్యామ్ దాటి వెళ్ళడానికి దానికి పెట్టిన దారి సరిగా పని చేస్తోందా లేదా అని ఫెడరల్ కోర్టు దాకా వెళ్ళారు. మేరీ మీద ట్రావెస్టన్ క్రాసింగ్ దగ్గర డ్యామ్ కడతామని 2006లో ప్రకటించారు. స్థానికులు గట్టిగా ఎదిరించారు. 2009 నవంబరులో కేంద్ర పర్యావరణ మంత్రి పీటర్ గారెట్ కుదరదన్నారు. చేపను పట్టకూడదన్న చట్టం 1914 నుంచే ఉంది, కానీ గుడ్డుకు ఆ చట్టం ఏం చేస్తుంది?

నాకు భయం వేసేది ఇంకోటి. నదిలో మీటరు పొడవు చేపలు కనిపిస్తూనే ఉంటాయి. దశాబ్దాలు బతికే జీవి కదా, ఇరవై ఏళ్ళు ఒక్క పిల్ల కూడా దక్కకపోయినా లెక్కలో పెద్దగా తేడా రాదు. పిల్ల చేపలా, ఎప్పుడూ అరుదుగానే కనబడతాయి. మనవలు లేని ఇంట్లో తాతలందరూ ఆరోగ్యంగా ఉన్నారని మురిసిపోయినట్టుంది. ఎన్ని చేపలున్నాయని కాదు, వాటి వయసెంత అని అడగాలి.

ప్రశ్న: ఆ వయసు ఎలా చెబుతారు? అక్వేరియంలో ఒక చేప ఎనభై ఏళ్ళు ఉందంటే నమ్మొచ్చా?

జవాబు: నమ్మొచ్చు. షికాగోలోని షెడ్ అక్వేరియానికి 1933లో వచ్చిన ‘గ్రాండ్‌డాడ్’ 2017 దాకా ఉంది. శాన్‌ఫ్రాన్సిస్కోకు 1938లో వచ్చిన ‘మెథుసెలా’కు దాదాపు 92 ఏళ్ళని 2023లో డీఎన్ఏ మీది రసాయన గుర్తులు చూసి అంచనా కట్టారు. దానికి తాజా అంజూర పండ్లంటే ప్రాణమట! మామూలు చేపల్లో చెవి లోపలుండే చిన్న రాయి కోసి, చెట్టు మానులోలా ఉండే వలయాలు లెక్కపెడతాం. దీని దగ్గర ఆ పప్పులుడకవు. అందుకని పొలుసు తీసుకుని, 1950, 60ల అణుపరీక్షల వల్ల గాలిలో పెరిగిన రేడియోకార్బన్ (రేడియోధార్మిక కార్బన్) జాడ అందులో వెతికి, దాన్నిబట్టి వయసు కడతారు. పొలుసు తీస్తే చేప చావదు.

ప్రశ్న: దీని జన్యుపటం మనిషి కన్నా పెద్దదట. మరి తెలివో?

జవాబు: సుమారు 4,300 కోట్ల డీఎన్ఏ అక్షరాలు, మన దానికి 14 రెట్లు. 2021లో చదివారు. అందులో చాలా మటుకు తిరిగి తిరిగి అచ్చయిన అవే ముక్కలు. మా బీరువాలో ఒకే పెళ్ళి శుభలేఖ నూట యాభై కాపీలున్నాయి, దానికీ తెలివికీ సంబంధం లేదు.