మేజిస్ట్రేటు ఎదుటివారి పక్షాన ఉన్నారనిపిస్తే క్రిమినల్ కేసును వేరే కోర్టుకు మార్చమని అడగవచ్చా?

మీ అన్నయ్య కొట్లాట కేసులో ముద్దాయి అనీ, మేజిస్ట్రేటు మీ పిటిషన్లు రెండు కొట్టేశారనీ, నిండు కోర్టులో మీ వకీలును కసిరారనీ రాశారు. అడగవచ్చు. కానీ ఈ కారణాలు మాత్రమే చూపిస్తే బదిలీ రాదు. మా తమ్ముడి కేసులో మేమూ ఈ పిటిషన్ వేశాం కాబట్టి నాకు తెలిసింది చెబుతాను.

ఉత్తర్వు తప్పయితే పైకోర్టులో సవాలు చేసుకోవాలి. కసరడం ఆ మనిషి తీరు కావచ్చు. గురుచరణ్ దాస్ చద్దా కేసులో 1966లోనే సుప్రీంకోర్టు తేల్చింది: న్యాయం జరగదేమోనన్న భయం ఉందంటే చాలదు, ఆ భయానికి తగిన ఆధారం ఉందని కోర్టుకు అనిపించాలి. అలాగని పక్షపాతాన్ని పూర్తిగా రుజువు చేయాల్సిన పని కూడా లేదు.

మా విషయంలో, మేజిస్ట్రేటు అద్దెకు ఉంటున్న ఇల్లు ఫిర్యాది బావమరిదిది. ఆ సంగతి తెలిసినప్పుడు ఇంటిల్లిపాదీ కోపంతో ఊగిపోయాం. సీనియర్ వకీలు గారు మాత్రం ఇంటిపన్ను ఎవరి పేరున ఉందో కాగితం తెమ్మన్నారు. మున్సిపల్ ఆఫీసు నుంచి నకలు తెచ్చాం. జూనియర్ రాసిన అఫిడవిట్‌లో ‘కుమ్మక్కై’, ‘దురుద్దేశంతో’ అన్న మాటలు కనిపించిన చోటల్లా ఆయన ఎర్ర సిరాతో కొట్టేశారు. ఇల్లు ఫలానా వారిది, ఆయన ఫిర్యాదికి ఫలానా బంధువు, అందువల్ల మాకు భయంగా ఉంది - అంతే మిగిలింది. సెషన్స్ జడ్జి మేజిస్ట్రేటు నుంచి రిమార్కులు తెప్పించారు. ఆ బంధుత్వం తనకు తెలియదనీ, కేసు మార్చినా అభ్యంతరం లేదనీ ఆయన రాశారు. అది చదివాక మా నాన్నగారు ఆయన్ని పల్లెత్తు మాట అనలేదు. కేసు అదే ఊళ్లో మరో కోర్టుకు వెళ్లింది.

ఒకే సెషన్స్ డివిజన్‌లో, అంటే ఒకే సెషన్స్ జడ్జి పరిధిలోని కోర్టుల మధ్య, మార్పు కావాలంటే ముందు సెషన్స్ జడ్జి దగ్గరే వేయాలి. క్రిమినల్ కేసులు నడిచే పద్ధతి చెప్పే కొత్త చట్టం భారతీయ నాగరిక సురక్షా సంహితలో అది 448వ సెక్షన్, దానికి ముందున్న పాత చట్టం సీఆర్‌పీసీలో 408. అక్కడ కాదంటేనే హైకోర్టు. వేరే రాష్ట్రానికి మార్చాలంటే సుప్రీంకోర్టుకు వెళ్లాలి. ముద్దాయి వేసే పిటిషన్ అయితే పబ్లిక్ ప్రాసిక్యూటర్‌కు కారణాల నకలుతో నోటీసు ఇవ్వాలి, ఇచ్చాక కనీసం 24 గంటలు గడవాలి. పిటిషన్ వేసినంత మాత్రాన విచారణ ఆగదు. స్టే ఇస్తేనే ఆగుతుంది. దయచేసి మీ అన్నయ్యను వాయిదాలు మాననివ్వకండి, వారెంటు వస్తే ఆ తలనొప్పి వేరు.

వివేకానందరెడ్డి హత్య కేసు కడప నుంచి హైదరాబాదుకు మారలేదా అని కొందరు అంటారు. 2022లో సుప్రీంకోర్టు దాన్ని మార్చింది సాక్షులు, సాక్ష్యాల గురించిన భయంతో, జడ్జిని తప్పుపట్టి కాదు. మీ సాక్షులకు బెదిరింపులు ఉంటే ఆ కారణమే గట్టిది, అందులో జడ్జి పేరెత్తే అవసరమే ఉండదు.

ఆధారం లేకుండా జడ్జి మీద రాయడం ఎంత ప్రమాదమో 2025లో చూశాం. తెలంగాణ హైకోర్టు న్యాయమూర్తి మీద ఆరోపణలతో సుప్రీంకోర్టులో బదిలీ పిటిషన్ వేసినందుకు కక్షిదారుకూ, అతని న్యాయవాదులకూ ధిక్కార నోటీసులు వెళ్లాయి. ఆ న్యాయమూర్తికే క్షమాపణ చెప్పుకోవాలని ఆగస్టులో ఆదేశం వచ్చింది. మీ కోపం మీ వకీలు మెడకు చుట్టుకోకూడదు కదా.

ఆ రెండు ఉత్తర్వుల సర్టిఫైడ్ కాపీలు తీశారా? కొట్టేయడానికి ఏ కారణాలు రాశారు? ఎదుటివారు అడిగిన అలాంటి పిటిషన్‌నే ఒప్పుకున్నారా? ఈ చివరిదానికి ‘అవును’ అన్న జవాబు కాగితం మీద దొరికితే మీ వకీలుతో బదిలీ గురించి మాట్లాడండి.