లంకెబిందెల కన్నా రైస్ పుల్లింగ్ చెంబు నయం

దురాశ, ఈజీ మనీ మీద గోదావరి జిల్లాల నేపథ్యంలో డార్క్ ఫాంటసీ కామెడీ రాస్తున్నానని, లంకెబిందెలు, వాటికో కాపలా పాము పెడితే చాలా అని అడిగారు. పెట్టుకోండి గానీ, పాము దగ్గర నవ్వు పుట్టదండి.

మా అమ్మమ్మగారి ఊరు అమలాపురం దగ్గర. కొబ్బరి రేటు బాగా పడిపోయిన ఏడాది మా మావయ్యా, వీధిలో ఇంకొందరూ కలిసి రైస్ పుల్లింగ్ చెంబు మోజులో పడ్డారు. పిడుగు పడ్డ రాగి చెంబట, అందులో ఇరీడియం ఉందట, బియ్యాన్ని లాక్కుంటుందట, ఎవరో వంద కోట్లకి కొంటారట. గింజలు నిజంగానే కదిలాయి. ఈ మోసాల్లో చెంబు అడుగున అయస్కాంతం, గింజలకి ఇనప రజను పెడతారు. ఇరీడియం సీసానికి దాదాపు రెట్టింపు బరువుండే లోహమే గానీ, అయస్కాంతానికే అంటుకోదు, ఇంక బియ్యాన్నేం లాగుతుంది!

టెస్టింగ్‌కి ‘సైంటిస్టు’ వచ్చాడు. మే నెల ఉక్కలో, రేడియేషన్ అంటూ ఒళ్లంతా వెండిరంగు సూటు. ఆ సూటు అద్దె కూడా మావాళ్లే కట్టారు. మధ్యమధ్యలో మజ్జిగ అడిగేవాడు.

అసలు సినిమా వాటాల దగ్గర ఉంది. చెంబు మా అటక మీద దొరికింది కాబట్టి సగం మాదేనని ఒకరు, కారు తిప్పుతున్నాను కాబట్టి పావలా వాటా కావాలని ఇంకొకరు. మా అత్తయ్య లోపల్నుంచి, “ముందు పాలవాడి బాకీ తీర్చండి, వంద కోట్లు తర్వాత పంచుకుందురుగాని” అంది. లేని డబ్బు కోసం మాటలు మానేసిన అన్నదమ్ములు ఇప్పటికీ మాట్లాడుకోరు.

అడిగేది ప్రతిసారీ చిన్న మొత్తమే, ల్యాబ్ ఫీజనీ, ఢిల్లీ టికెట్లనీ. పెట్టింది పోతుందన్న బెంగతో తర్వాతిదీ కడతారు. డార్క్ కావాలంటే, కూతురి పెళ్లికని ఉంచిన తోట తాకట్టు పెట్టినాయన ఉన్నాడు. వియ్యాలవారికి తెలిస్తే పరువు పోతుందని కేసు కూడా పెట్టలేదు. ఆయన్ని మాత్రం నవ్వులాటకి వాడకండి.

లంకెబిందెలే ముద్దనుకుంటే 1878 నాటి నిధి నిక్షేపాల చట్టం చూడండి. భూమిలో దొరికిన నిధి విలువ 10 రూపాయలు దాటితే కలెక్టరుకి తెలియజెయ్యాలి. ఆ పది రూపాయల సంగతి మీ పాము నోటే చెప్పించండి. పాముకి బదులు వీఆర్వోని కాపలా పెట్టినా నాకేం అభ్యంతరం లేదు.