గైడ్‌తో వెళ్తే అలాస్కాలో ఫిషింగ్ లైసెన్స్ అక్కర్లేదా?

కావాలి, బయటి రాష్ట్రాల నుంచి, దేశాల నుంచి వచ్చినవాళ్లలో 16 ఏళ్లు నిండిన ప్రతి ఒక్కరికీ సొంత లైసెన్స్ ఉండాలి. గైడ్‌కున్న లైసెన్స్ అతను గైడ్‌గా పనిచేయడానికే. చేపలు పట్టే అనుమతిని ప్రభుత్వం మనిషి మనిషికీ విడిగా ఇస్తుంది. ఉదాహరణకు డల్లాస్ నుంచి భార్యాభర్తలు, 12 ఏళ్ల కొడుకు నీటి మీద దిగే చిన్న విమానంలో ఓ మారుమూల వాగుకు ట్రౌట్ కోసం వెళ్లారనుకోండి: లైసెన్సులు రెండు చాలు, పిల్లాడికి అక్కర్లేదు. అక్కడ కింగ్ సాల్మన్‌కు గాలం వేయాలంటే పెద్దవాళ్లిద్దరికీ అదనంగా స్టాంప్ (ఆ చేప కోసం లైసెన్స్‌తో పాటు విడిగా తీసుకునే అనుమతి) కూడా ఉండాలి.

"పట్టి మళ్లీ నీళ్లలోకే వదిలేస్తాం కదా, లైసెన్స్ ఎందుకు?" అని చాలామంది పొరబడతారు. చేపను ఉంచుకున్నా, వదిలేసినా, గాలం వేయడమే లెక్క. ఆన్‌లైన్‌లో ముందే కొనుక్కోండి. అడవిలో సిగ్నల్ దొరకడం కష్టం.