డురాన్ రికార్డులో 16 ఓటములు, లెక్క ఎక్కడ తప్పుతోందంటే

మీరు బాక్సర్ రాబెర్టో డురాన్ 119 ఫైట్లనీ ఒకే కుప్పగా చూస్తున్నారు, అందుకే 16 సార్లు ఓడినవాణ్ణి గొప్ప లైట్‌వెయిట్ (తక్కువ బరువు విభాగం బాక్సర్) అని ఎందుకంటారో అర్థం కావట్లేదు.

1. అతని ఫైట్ల లిస్టులో 1980 జూన్ దగ్గర గీత గీయండి, మాంట్రియల్‌లో షుగర్ రే లెనార్డ్‌ని ఓడించిన ఫైట్ అది. అప్పటికి 72 గెలుపులు, ఒక్కటే ఓటమి. మిగతా 15 ఆ తర్వాతవే.

2. అందరూ వదిలేసేది ఇదే: ప్రతి ఫైట్ పక్కన బరువు, వయసు రాసుకోండి. లైట్‌వెయిట్ లిమిట్ 135 పౌండ్లు, ఆ టైటిల్ 1979లోనే వదిలేశాడు. 1989లో బార్క్‌లీతో కొట్లాడింది 160 పౌండ్ల టైటిల్‌కి, డురాన్‌కి 37 ఏళ్లు, అవతలివాడికి 28, ఎత్తు ఆరడుగుల పైనే, పైగా 1984లో డురాన్‌ని రెండో రౌండ్లోనే పడగొట్టిన హెర్న్స్‌ని నాకౌట్ చేసి వచ్చినవాడు, అలాంటోణ్ణి 11వ రౌండ్లో కింద పడేసి స్ప్లిట్ డెసిషన్‌తో (ముగ్గురు జడ్జీల్లో ఇద్దరి తీర్పుతో) గెలిచాడండీ, ఆ రౌండ్ ఒక్కటైనా చూడండి.

3. ఆ 1980 గీత దగ్గర్నుంచి 2001లో, 50 ఏళ్లకి, కామాచోతో ఓడిన చివరి ఫైట్ దాకా విడిగా లెక్కేసుకోండి. అవేవీ లైట్‌వెయిట్ ఖాతాలోకి రావు.