ఆ ముల్లంగి పెట్టె దగ్గరే మొదలుపెట్టండి

అమ్మా, ‘కుంగ్ ఫూ పాండా 2’ చూశాక మీ ఎనిమిదేళ్ల పాప ‘నేనూ ఇలాగే వచ్చానా?’ అని అడిగిందని, దత్తత సంగతి ఎలా చెప్పాలో తోచడం లేదని రాశారు. ఈ వారంలోనే చెప్పేయండి. సిరిమానోత్సవానికి విజయనగరంలో మీ ఇల్లు చుట్టాలతో నిండిపోతుంది. ఎవరైనా నోరు జారితే ఆ మాట పాపకు ఎన్నేళ్లయినా గుచ్చుకుంటుంది.

ఆ సినిమానే పాపతో మళ్లీ చూడండి. ముల్లంగుల పెట్టెలో దొరికిన ‘పో’ అనే పసి పాండాకు, సూపు కొట్టు నడిపే బాతు పింగ్ తినిపించి, స్నానం చేయించి, మళ్లీ తినిపిస్తాడు. ఇకపై ముల్లంగి లేకుండానే సూపు చేయాలని, ఆ బిడ్డను తన కొడుకుగా పెంచాలని నిర్ణయించుకుంటాడు. అక్కడ ఆపి, పాపను మొదటిసారి ఎత్తుకున్న రోజు గురించి చెప్పండి. ఏ చీర కట్టుకున్నారో, పాప ఏడ్చిందో నవ్విందో, అన్నీ.

నిజం తెలిస్తే బిడ్డ దూరమవుతాడేమోనన్న భయం పింగ్‌కూ ఉంటుంది. పో మాత్రం కన్నతల్లి కథంతా తెలుసుకున్నాకే అతని దగ్గరికి తిరిగి వచ్చి, నీ కొడుకునే అంటాడు. కాబట్టి పాప కన్నతల్లి గురించి అడిగితే నొచ్చుకోకండి, ఆమెను ఒక్క మాట కూడా తూలనాడకండి. తెలిసినంత చెప్పండి. మీ అత్తగారితో కూడా ముందే మాట్లాడి ఉంచండి.