నెల్లూరులో లాడ్జి లీజుకు తీసుకోవచ్చా? ముందు మంగళవారం రాత్రి రిజిస్టర్ చూడండి

మీరు అడిగింది ఇది: నెల్లూరు ఆర్టీసీ బస్టాండుకు దగ్గర్లో 30 గదుల లాడ్జి లీజుకు వస్తోంది. ఓనర్ ఎప్పుడూ ఫుల్లే అంటున్నారు. హోటళ్లకు లాభాలు బాగా పెరిగాయని పేపర్లో చదివారు, గదుల మీద జీఎస్టీ కూడా తగ్గింది. మీరు, మీ బావమరిది కలిసి తీసుకోవచ్చా అని.

నేను నెల్లూరు, ఒంగోలు లాడ్జీలకు చాలా ఏళ్లుగా లెక్కలు రాస్తున్నాను. వాటిలో ఒకదాన్ని మా అన్నయ్యతో కలిసి లీజు మీద నడుపుతున్నాను కూడా. తీసుకోవచ్చు. అయితే ఓనర్ చూపించే నిండు రోజులను చూసి మాత్రం అద్దె ఒప్పుకోకండి. పెళ్లి ముహూర్తం రోజు, రొట్టెల పండుగ రోజు ఊళ్లో ఖాళీ గది దొరకదు, ఎంత పాత లాడ్జి అయినా నిండుతుంది. మామూలు మంగళవారం రాత్రి ఎన్ని తాళాలు రిసెప్షన్ దాటి వెళ్లాయి, అందులో నేరుగా ఫోన్ చేసి వచ్చినవాళ్లు ఎంతమంది, యాప్‌లో బుక్ చేసినవాళ్లు ఎంతమంది? మీ డబ్బు ఆ జవాబులోనే ఉంది.

పేపర్లో మీరు చదివిన లాభాలు నిజమే. కరోనా తర్వాత పెద్ద నగరాల్లో గదులకు గిరాకీ పెరిగినంత వేగంగా కొత్త హోటళ్లు రాలేదు, రేట్లు పెరిగాయి. కానీ అవి హైదరాబాదు, ముంబయి లాంటి చోట్ల ఉన్న కంపెనీ హోటళ్ల లెక్కలు. వాళ్లకు భోజనం, ఫంక్షన్ హాళ్ల మీద కూడా పెద్ద ఆదాయం ఉంటుంది. మీరు చూస్తున్న లాడ్జికి ఉన్నది గది అద్దె ఒక్కటే. ఆ వార్తను పట్టుకుని ఇక్కడ అద్దె నిర్ణయించుకోవద్దు.

జీఎస్టీ సంగతి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే ఎక్కువమంది దీన్ని సగమే వింటున్నారు. 2022 జూలై 18 వరకు వెయ్యి రూపాయల లోపు గదికి పన్నే లేదు. ఆ రోజు నుంచి 12 శాతం వేశారు. 2025 సెప్టెంబర్ 22 నుంచి రోజుకు 7,500 రూపాయల వరకు ఉన్న గదులకు 5 శాతం చేశారు. 1,200 రూపాయల గదికి గెస్టు అంతకుముందు 1,344 కట్టేవాడు, ఇప్పుడు 1,260 కడతాడు. గెస్టుకు మంచిదే. కానీ 5 శాతంతో పాటు ఇన్‌పుట్ ట్యాక్స్ క్రెడిట్ తీసేశారు. పాత 12 శాతమే కట్టి క్రెడిట్ తీసుకుంటాను అనే దారి కూడా లేదు. అంటే దుప్పట్లు, ఏసీలు, సబ్బులు కొన్నప్పుడు మనం కట్టిన పన్ను ఇక తిరిగి రాదు.

అందులో మిమ్మల్ని అన్నిటికంటే ఎక్కువ తాకేది బిల్డింగ్ అద్దె మీద 18 శాతం. ఓనర్‌కు జీఎస్టీ రిజిస్ట్రేషన్ ఉంటే ఆయన బిల్లులో వేస్తారు. లేకపోతే 2024 అక్టోబర్ 10 నుంచి రివర్స్ ఛార్జి కింద లీజుదారే కట్టాలి. ఇంతకుముందు అది క్రెడిట్‌లో సర్దుకునేది. ఇప్పుడు పూర్తిగా ఖర్చే. నెలకు 1,80,000 అద్దె అంటే మీ చేతినుంచి పోయేది 2,12,400. అద్దె మాట్లాడేటప్పుడు ఈ అంకెనే ఓనర్ ముందు పెట్టండి. ఆయన పాత అద్దె అలవాటుతో మాట్లాడుతుంటారు, పన్ను మారిన సంగతి ఆయన తలలో ఉండదు.

ఒక ఊహా లెక్క వేస్తాను, మీ అంకెలు పెట్టుకుని మీరే మళ్లీ వేసుకోండి. 30 గదుల్లో రోజుకు సగటున 18 నిండుతున్నాయి, పన్ను కాకుండా గదికి 1,200 వస్తోంది అనుకుందాం. నెలకు 6,48,000. ఆ 18లో 9 యాప్‌ల ద్వారా వస్తే, 20 శాతం కమిషన్ చొప్పున గదికి 240, దాని మీద 18 శాతం జీఎస్టీ 43 రూపాయల 20 పైసలు. అదీ ఇప్పుడు తిరిగి రాదు. నెలకు సుమారు 76,500 అక్కడే పోతుంది. బిల్డింగ్ అద్దె పన్నుతో 2,12,400. జీతాలు లక్షన్నర, కరెంటు 95 వేలు, లాండ్రీ గదికి 70 చొప్పున దాదాపు 38 వేలు, నీళ్లు, డీజిల్, రిపేర్లు, సబ్బులు కలిపి 50 వేలు. చివరికి మిగిలేది 26 వేల చిల్లర. 30లో 18 గదులు నిండి కూడా ఇద్దరు భాగస్వాములకు మిగిలేది ఇంతే.

ఇప్పుడు అదే లెక్కలో ఒక్కటి మార్చండి. 18 గదులు అలాగే ఉంచి, యాప్‌లో వచ్చేవి 9 నుంచి 5కు తగ్గి ఆ నాలుగు నేరుగా వచ్చాయనుకోండి. నెలకు దాదాపు 34 వేలు మిగిలి, లాభం 60 వేలు అవుతుంది. ఒక్క గది కూడా అదనంగా నింపకుండా రెట్టింపు దాటింది. అదే ఆషాఢంలో రోజుకు 14 గదులకు పడిపోతే, కరెంటు కొంత తగ్గినా, నెలకు 70, 80 వేలు జేబులోంచి పెట్టాలి. అందుకే కనీసం మూడు నెలల అద్దె, జీతాలు పక్కన పెట్టుకోకుండా ఈ వ్యాపారంలో దిగకండి.

యాప్‌ల మీద నాకు ద్వేషం లేదు. కొత్త గెస్టు మన గడప తొక్కేది వాటివల్లే. కానీ ఒకసారి వచ్చి, గది నచ్చి, రెండోసారి కూడా యాప్‌లోనే బుక్ చేసుకుంటున్నాడంటే రిసెప్షన్‌లో మనం పని చేయట్లేదని అర్థం. యాప్ రేటుకంటే తక్కువకు బయట ఇవ్వకూడదని పెట్టే షరతుల మీద, మరికొన్ని పద్ధతుల మీద కాంపిటీషన్ కమిషన్ (సీసీఐ) 2022 అక్టోబర్‌లో రెండు పెద్ద బుకింగ్ కంపెనీలకు కలిపి 392 కోట్ల పైచిలుకు జరిమానా వేసింది. యాప్‌తో మీరు చేసుకునే అగ్రిమెంటులో అలాంటి లైన్ ఉందేమో సంతకానికి ముందే చదవండి. వాళ్లు ముందే పట్టుకునే పన్నులు (టీసీఎస్, టీడీఎస్) చిన్న మొత్తాలు, రిటర్నుల్లో సర్దుకుంటాయి. వాటి గురించి టెన్షన్ పడక్కర్లేదు.

గెస్టుల్లో మార్పు మాత్రం చాలా ఉంది. ఒకప్పుడు మందుల కంపెనీ రెప్పు, ఇన్సూరెన్స్ ఆఫీసరు, ఆడిట్‌కు వచ్చినవాళ్లు మనకు పక్కా గెస్టులు. పొద్దున దిగి, పని చూసుకుని, రాత్రి పడుకుని మర్నాడు వెళ్లేవారు. 2023 ఏప్రిల్‌లో సికింద్రాబాద్–తిరుపతి వందే భారత్, సెప్టెంబర్‌లో విజయవాడ–చెన్నై వందే భారత్ వచ్చాయి. రెండూ ఒంగోలులో, నెల్లూరులో ఆగుతాయి. మధ్యాహ్నం దిగినవాడు సాయంత్రం అదే బండి తిరుగు ప్రయాణంలో ఎక్కేస్తున్నాడు. హైవే మీద చెన్నై నుంచి కారులో వచ్చినవాళ్లయితే చెప్పక్కర్లేదు, భోజనం ఇంట్లోనే చేస్తారు. వారం మధ్యలో ఖాళీలు పెరగడానికి నేను చూసిన పెద్ద కారణం ఇది.

రాత్రి ఆగేవాళ్లు కూడా చివరి నిమిషంలోనే నిర్ణయించుకుంటున్నారు. కావలి దగ్గర ముసునూరు టోల్‌ప్లాజా దాటాక, పిల్లలు ఏడుస్తుంటే, కారులోంచి మ్యాప్ తీసి దగ్గర్లో ఏముందో చూస్తారు. వాళ్లు చూసేవి మూడే: బాత్‌రూమ్ ఫొటో, పార్కింగ్, ఈ నెలలో ఎవరైనా తిట్టారా అని. లాబీలో ఫాల్స్ సీలింగు, అక్వేరియం మీద డబ్బు పోయకండి. బాత్‌రూమ్ టైల్స్ మార్చండి, గీజర్లు పనిచేసేలా చూడండి, వైఫై ప్రతి అంతస్తులో అందేలా చేయండి. కారుకు డ్రైవర్ ఉంటే అతనికి పడుకోవడానికి ఫ్యాను కింద మంచం, స్నానానికి చోటు ఇవ్వండి. ట్రావెల్స్ డ్రైవర్లు తర్వాత తీసుకొచ్చే కుటుంబాలకు మీరు కమిషన్ కట్టే పని ఉండదు.

టైమింగు గొడవ ఒకటి ఉంటుంది. మన వైపు లాడ్జీల్లో 24 గంటల చెక్ అవుట్ అలవాటు, అంటే గెస్టు దిగిన గంట నుంచే రోజు లెక్క. యాప్‌లలో ఎక్కువగా ఉదయం 11 లేదా మధ్యాహ్నం 12. తెల్లవారుజామున రైలు దిగినవాడు అయిదింటికి గది అడుగుతాడు. నన్నడిగితే 24 గంటల పద్ధతే ఉంచండి. నెల్లూరులో దిగేవాళ్లలో ఎక్కువమంది ఆసుపత్రికో, కాలేజీకో, పెళ్లికో వచ్చేవాళ్లు. వాళ్ల సమయాలు మన గడియారం ప్రకారం ఉండవు.

తిండి మీద ఆశ పెట్టుకోవద్దు. కింద రెస్టారెంట్ నడుపుదామని మీ బావమరిది అంటున్నట్టు రాశారు. బయటి ఊరివాళ్లు చేపల పులుసు కోసం పేరున్న మెస్సుకే వెళ్తారు, మిగతావాళ్లు ఫోన్‌లో ఆర్డర్ పెట్టి గదిలో తింటారు. రెస్టారెంట్‌కు 2017 నవంబర్ నుంచే 5 శాతం, క్రెడిట్ లేని పద్ధతి ఉంది. వంటమాస్టర్ జీతం, గ్యాసు, పారేసే కూర చూస్తే 30 గదులకు అది గిట్టదు. ఆ చోటు ఎవరికైనా టిఫిన్ సెంటర్‌కు ఇచ్చేయండి, పొద్దున ఇడ్లీ అక్కడే దొరికితే చాలు.

నమ్మకంగా వచ్చే గెస్టులు ఎవరంటే, నెల్లూరులో ముందు ఆసుపత్రుల్లో రోగులకు తోడుగా వచ్చే అటెండర్లు. ఉదయగిరి, ఆత్మకూరు, పొదిలి, కనిగిరి వైపు నుంచి ఆపరేషన్లకు వస్తారు. వారం, పది రోజులు ఉంటారు, రేటు తగ్గించమంటారు. తగ్గించండి. కమిషన్ లేదు, రోజూ దుప్పటి మార్చమని అడగరు, మంగళవారం కూడా ఉంటారు. పైగా వాళ్లు కష్టంలో వచ్చిన మనుషులు. వేడినీళ్లకు, పాలు కాచుకోవడానికి అంతస్తుకో కెటిల్ పెడితే మళ్లీ ఎవరికి అవసరమైనా మీ పేరే చెప్తారు. తర్వాత కార్పొరేట్ కాలేజీల్లో పిల్లల్ని పెట్టిన తల్లిదండ్రులు, వీళ్లు ఆదివారాలు.

రొయ్యల వ్యాపారం మీద తిరిగే గెస్టుల్ని ఒక్కళ్లనే నమ్ముకోవద్దు. ఫీడ్ కంపెనీ టెక్నీషియన్లు, సీడు అమ్మేవాళ్లు, కొనుగోలుదార్లు నెల్లూరు, కావలి లాడ్జీలకు పెద్ద ఆసరా. 2025 ఆగస్టులో అమెరికా సుంకం 50 శాతానికి వెళ్లినప్పుడు మా దగ్గర ఆ బుకింగ్‌లు రెండు వారాల్లోనే పలచబడ్డాయి. కంపెనీలు ముందు కోసేది టూర్ ఖర్చే కదా. ఒంగోలులో ఇదే పని పొగాకు వేలం చేస్తుంది. వేలం నడిచే నెలల్లో బయ్యర్ల మనుషులు నెలవారీ గదులు తీసుకుంటారు, వేలం ముగిశాక ఆ అంతస్తు ఖాళీ. చీమకుర్తి గ్రానైట్ కోసం వచ్చే విదేశీ కొనుగోలుదార్లు కూడా ఒంగోలులోనే దిగుతారు. మీకూ అలాంటి గెస్టు వస్తే ఆ విదేశీయుడి వివరాలు 24 గంటల్లో అధికారులకు ఆన్‌లైన్‌లో పంపాలి, మర్చిపోవద్దు.

రొట్టెల పండుగకు రేటు మూడింతలు చేయమని మీకు చాలామంది చెప్తారు. చేయకండి. బారాషహీద్ దర్గాకు, స్వర్ణాల చెరువుకు వచ్చేవాళ్లు మొక్కు తీరిందని మళ్లీ మళ్లీ వచ్చే కుటుంబాలు. మేము కొంచెమే పెంచి, వెళ్లేటప్పుడు వచ్చే ఏడాదికి పేరు రాసుకుంటాం. ఏళ్లుగా అవే కుటుంబాలు మధ్యలో ఆసుపత్రికి వచ్చినా మా దగ్గరే దిగుతున్నాయి. ఒక విషయం గుర్తుంచుకోండి, ఈ పండుగ వచ్చే మొహర్రం ఏటా సుమారు 11 రోజులు ముందుకు జరుగుతుంది. 2025లో జూలై మొదటి వారంలో వచ్చింది, 2029 నాటికి మే చివరికి వస్తుంది. 2025లో అది పెళ్లిళ్ల సీజను అయ్యాక వచ్చింది కాబట్టి మందకొడి నెలను కాపాడింది. అయిదేళ్ల లీజు తీసుకుంటే, చివరి ఏడాదుల్లో అది వేసవి గిరాకీలో కలిసిపోతుంది, మీకు విడిగా ఆ ఆదాయం కనిపించదు.

ఇంకో మార్పు నన్ను బాధపెట్టేది, రూమ్ బాయ్‌ల సంగతి. అంతా యూపీఐ అయ్యాక గెస్టు జేబులో చిల్లర ఉండట్లేదు, టిప్పు పోయింది. జీతం కాక ఆ టిప్పుతోనే ఇల్లు నడిపిన మనుషులు వీళ్లు. మేము ప్రతి అంతస్తులో బాయ్‌ల పేరు మీదే క్యూఆర్ అంటించాం, లాండ్రీకి, నీళ్లకు వచ్చిన మిగులులో నెలకు కొంత పంచుతున్నాం. అలా చేశాక పని మానేసి వెళ్లేవాళ్లు తగ్గారు. మంచి రివ్యూల్లో మనుషులు రాసేది కూడా వీళ్ల గురించే.

ఇక సంతకానికి ముందు ఓనర్‌ను అడగాల్సినవి. గత 12 నెలల జీఎస్టీ రిటర్నులు, బ్యాంకు స్టేట్‌మెంటు, యాప్‌ల నుంచి వచ్చిన సెటిల్‌మెంట్ షీట్లు, చేతిరాత రిజిస్టర్. నాలుగూ పక్కపక్కన పెట్టి, ముహూర్తాలు లేని ఒక నెల తీసుకుని మంగళ, బుధవారాలు లెక్కపెట్టండి. రిజిస్టర్‌లో ఫుల్ అని ఉండి బ్యాంకులో సగమే కనిపిస్తే రెండోదాన్నే నమ్మండి. కరెంటు బిల్లులు ఏడాదివి చూడండి, గదులు నిజంగా ఎంత నిండాయో ఏసీల యూనిట్లు చెప్పేస్తాయి. బిల్డింగ్‌కు ఈసీ (ఆస్తి మీద తాకట్లు, అమ్మకాలు చూపించే పత్రం) తీయించండి. కరోనా కాలంలో తీసుకున్న అప్పులు చాలా లాడ్జీల మీద ఇంకా ఉన్నాయి, తాకట్టులో ఉంటే బ్యాంకు అనుమతి లేకుండా లీజు రాయించుకోవద్దు. ఫైర్ ఎన్ఓసీ (అగ్నిమాపక శాఖ అనుమతి) ఎవరి పేరున, ఎప్పటివరకు ఉందో చూడండి. లీజు రిజిస్టర్ చేయించాల్సిందే. అద్దె పెంపు ఏటా 5 శాతానికి మించకుండా, మొదటి రెండేళ్లు పెంపు లేకుండా అడిగి చూడండి. పైన లెక్కలో చూశారుగా, 1,80,000 దగ్గర మిగిలేది 26 వేల చిల్లరే. 1,40,000కు ఒప్పుకుంటే పన్నుతో కలిపి నెలకు ఇంకో 47,200 అదనంగా మిగులుతుంది. ఆ రేటుకు రాకపోతే ఇంకో బిల్డింగ్ చూడండి, మినీ బైపాస్ వైపు కూడా వాకబు చేయండి.